పల్నాటి యుద్ధం - గెలిచినోడి బాధ

పోయిన శనివారం రిలీజ్ కాల్ అయ్యేసరికి రాత్రి పదకొండు. నిద్ర రాక 'పల్నాటి యుద్ధం' పెట్టా. 1966 నాటిది.. ఎన్టీఆర్ బ్రహ్మనాయుడు, భానుమతి నాగమ్మ. (1947లో ఇంకోటి వచ్చింది, అందులో అక్కినేని బాలచంద్రుడు.)

మాది మాచర్ల దగ్గర పల్లెటూరు. చిన్నప్పుడు ఈ సినిమాలో నాకు కత్తులే కనపడేవి. ఒక్కొక్కడు పడుతుంటే ఈలలేసేవాళ్లం. తాతయ్య మాత్రం "ఆ చచ్చేవాళ్లూ పల్నాటోళ్లేరా" అని గొణిగేవాడు. అప్పుడు అర్థం కాలా.

ఈసారి నన్ను ఆపేసింది అలరాజు కథ. కోడిపందెంలో ఓడి ఏడేళ్లు వలసపోయిన మలిదేవుడి తరఫున, మా రాజ్యం మాకివ్వమని రాయబారానికి వెళ్తాడు. నలగామరాజుకి స్వయానా అల్లుడు! అతనికే విషం పెట్టారు. ఇక మాట్లాడటానికి ఎవరు మిగిలారు? కారెంపూడిలో ఇప్పటికీ కార్తీక అమావాస్యకి మొదలుపెట్టి అయిదు రోజులు వీరుల ఉత్సవం చేస్తారు. అందులో కోడిపోరుకి ఒక రోజు, రాయబారానికి ఒక రోజు. కత్తితో పాటు మాటకీ ఒక రోజిచ్చారన్నమాట.

చివరికి బ్రహ్మనాయుడు గెలిచాడు. కొడుకు పోయాడు. రాజ్యం ఓడిన నలగామరాజుకే ఇచ్చేసి గుత్తికొండ బిలానికి వెళ్లిపోయాడంటారు. చిన్నప్పుడు ఇదేం తిక్క అనిపించేది. చేతికి చిక్కిన శత్రువుని చంపటం కత్తి పట్టినోడెవడైనా చేస్తాడు, వదలాలంటేనే మనస్సాక్షి కావాలి. కానీ ఆ సాక్షి అంతమంది పోయాక గానీ నిద్ర లేవలేదే, అదీ నా బాధ.

2024 ఎన్నికలప్పుడు మాచర్ల పేరు టీవీల్లో మోగుతుంటే ఆఫీసులో "మీ ఊరేగా" అని నవ్వారు. నేనూ నవ్వా. మరి మా ఇంట్లో జరిగేదేంటి? పొలం గట్టు తగాదాతో నాన్నకీ పెదనాన్నకీ నాలుగేళ్లుగా మాటల్లేవు. రాజీకని వచ్చిన మేనత్తని "నువ్వు వాళ్ల మనిషివి" అని ఫోన్లో తిట్టింది నేనే. లాయరు ఫీజు పంపేదీ నేనే. కేసు మనదే అంటున్నాడు లాయరు.

ఆదివారం పొద్దున్నే ఫోన్ చేశా. "ఇంకోసారి రా అత్తయ్యా, పెదనాన్న దగ్గరికి నేనూ వస్తా" అన్నా. కాసేపు ఏం మాట్లాడలా. తర్వాత "సంక్రాంతికి వస్తన్నావా మరి?" అంది.

టికెట్ తీసుకున్నా. గట్టు రెండడుగులు అటో ఇటో పోతే పోనీండి.