వాయిదా కూలి

కళింగపట్నం పేరు రేడియోలో వినబడేది తుపానప్పుడే. ఓడరేవులో ఫలానా నంబరు ప్రమాద హెచ్చరిక ఎగరేశారని చెబుతారు. ఊరంతా ఆ నంబరుకి భయపడేది. మా అమ్మకి ఇంకో నంబరుండేది. ఎం.సి. నంబరు, మనోవర్తి కేసుది. అక్షరం రాదు గానీ నిద్రలో లేపి అడిగినా ఆ నంబరు చెప్పేది.

2007లో కేసు వేసింది. నేనప్పుడు ఆరో తరగతి. అయ్య చెన్నైలో బిల్డింగు పనులకెళ్లి అక్కడే ఇంకో కాపురం పెట్టాడు. మా మాలపేట కులపెద్దలు రెండుసార్లు కూచున్నారు. "మగోడు కదే, ఒచ్చేస్తాడు" అన్నారు. రాలేదు. అందుకే కోర్టుకెక్కింది.

కోర్టు టౌన్లో. వాయిదా రోజు కూలి పోయేది, పైన బస్సు ఛార్జీ. ఉడుపుల కాలమైతే రైతు ఇంకో మనిషిని పెట్టుకునేవాడు, మర్నాడు మళ్లీ పిలిచేవాడు కాదు. "ఒక వాయిదాకి మూడ్రోజుల కూలి" అని అమ్మ లెక్క. సాయంత్రం దాకా వరండాలో కూచుంటే ఒకసారి నోటీసు అందలేదనేవాళ్లు, ఒకసారి అవతలి వకీలు రాలేదనేవాళ్లు, ఒకసారి జడ్జిగారికి బదిలీ అనేవాళ్లు. నోటీసు అందడానికే రెండేళ్లు పట్టింది.

1973 నాటి నేర విచారణ స్మృతిలో 125వ సెక్షను ఆకలితో ఉన్న ఆడదాని కోసం పెట్టిందే. 2001లో దాన్ని సవరించారు. మధ్యంతర భృతిని నోటీసు అందిన 60 రోజుల్లో, వీలైనంత వరకు, తేల్చాలన్నారు. నోటీసు అందకుండా తప్పుకు తిరిగేవాడికి ఆ అరవై రోజులు మొదలే కావు. అందినాక "వీలైనంత వరకు" ఉండనే ఉంది.

విచారణకొచ్చాక అవతలి వకీలు అడిగాడు: పెళ్లికి రుజువేది? పురోహితుడెవడు? ఫొటో ఏది? అమ్మ అంది: "పేటంతా కూడు తినీసి ఎల్లింది బాబూ. ఆలెవులూ సాచ్చికం కాదా?" కోర్టులో నవ్వారు. మనోవర్తి కేసులో పెళ్లికి అంత గట్టి రుజువు అక్కర్లేదని సుప్రీంకోర్టు 1999లోనే చెప్పింది. ఆ సంగతి నాకు తర్వాత చదువుకుంటే తెలిసింది. నవ్వినవాళ్లకి అప్పుడే తెలిసుండాలి.

2015లో తీర్పొచ్చింది. నేను డిగ్రీ రెండో ఏడు. నెలకి 1,500 రూపాయలు, అదీ తీర్పు రోజు నుంచే. ఎనిమిదేళ్ల ఆకలి లెక్కలోకే రాలేదు. అంతకుముందు 2014లోనే, తొమ్మిదేళ్లు సాగిన ఒక మనోవర్తి కేసులో సుప్రీంకోర్టు కుటుంబ న్యాయస్థానాల నత్తనడకని తప్పుపట్టి, దరఖాస్తు తేదీ నుంచి ఇమ్మన్న హైకోర్టు మాటే నిలబెట్టింది. "హైకోర్టుకెళ్తే బకాయి వస్తాది" అన్నాడు మా వకీలు. హైకోర్టు అప్పుడు హైదరాబాదులో. "ఛార్జీ ఎవులిస్తారు?" అంది అమ్మ. కేసు అక్కడే ఆగింది.

దరఖాస్తు తేదీ నుంచే ఇవ్వాలని 2020 నవంబరులో సుప్రీంకోర్టు దేశంలోని అన్ని కోర్టులకీ చెప్పింది. 2024 జులై నుంచి కొత్త చట్టమొచ్చింది, 125 పోయి 144 అయింది. అరవై రోజుల మాట అలాగే ఉంది. ఇంకో మాట కూడా అలాగే ఉంది. బకాయికి వారెంటు అడగాలంటే ఏడాది లోపే అడగాలి. ఆలస్యం కోర్టుదైతే ఇంకో వాయిదా. ఆలస్యం మాదైతే వారెంటు దారి మూసుకుపోతుంది.

బాబాసాహెబ్ చేతిమీదుగా వచ్చిన రాజ్యాంగంలో 227వ అధికరణం ఉంది. కింది కోర్టులన్నిటి మీదా హైకోర్టుకి పర్యవేక్షణాధికారం ఇచ్చింది. ఆ కన్ను మా మీద పడాలంటే మాత్రం కింది నుంచి ఒక కాగితం పైకెక్కాలి. ఆ కాగితానికి ఫీజు, ఛార్జీ, రెండ్రోజుల కూలి. 2019 నుంచి హైకోర్టు అమరావతిలో ఉంది. కళింగపట్నం కూలి మనిషికి అదీ దూరమే.

వాయిదాలన్నీ ఇప్పుడు కంప్యూటర్లో ఉన్నాయి. ఏ మనోవర్తి కేసు అరవై రోజులు దాటిందో పై కోర్టు తలుచుకుంటే ఒక్క పూటలో తెలుస్తుంది. మేం పిటిషను వేసేదాకా ఆగకుండా అదే కిందికి దిగి అడగాలి: ఈమెకి ఇంకా ఎందుకివ్వలేదు? మేం దయ అడగడం లేదు. అమ్మ పోగొట్టుకున్న రోజులకి కూలి అడుగుతున్నాం.