నేతి బీరకాయ

నేను కారు నడపడం నేర్చుకొన్నది ఉద్యోగ విరమణకు రెండేండ్ల ముందు. అంతవరకు సంగారెడ్డి నుండి పటాన్‌చెరుకు, అక్కడి నుండి నగరానికి ఎర్ర బస్సే నా రథం. యంత్రాల గురించి వ్రాయడానికి ఈ తెలుగు పండితునికి గల అర్హత ఏపాటిదో చదువరులు ఊహించుకోగలరు. ప్రాణం మీదికి వచ్చిన సంగతి కనుక వ్రాస్తున్నాను.

మా వీధిలో స్పీడ్ బ్రేకర్లు ఎవరికి తోచిన ఎత్తున వారు వేసుకొన్నవి. నలుగురం కూర్చుంటే కారు అడుగు గీసుకొనేది. ఒక దుకాణంవారు స్ప్రింగుల చుట్ల మధ్య రబ్బరు బఫర్లు బిగించి, ఇక బాధ లేదన్నారు. నిజమే, బండి లేచింది. అంబారీ ఎక్కినట్లు నేనూ మురిసిపోయాను.

ఆ మరుసటి నెల జహీరాబాదు నుండి వస్తున్నాం. సదాశివపేట దాటిన తరువాత, 65వ నంబరు జాతీయ రహదారి మీద, మా వరుసలోనే ఒక ఆటో ఎదురు వచ్చింది. చక్రం కుడికి తిప్పి, వెంటనే ఎడమకు తిప్పాను. బండి ఒక ప్రక్కకు ఒరిగి, రెండవ ప్రక్కకు అంతకంటె ఎక్కువగా ఒరిగి, మళ్ళీ ఊగింది. రెండు క్షణాలు అది నా మాట వినలేదు. ఎట్లో నిలబడింది. మా ఆవిడ ఇంటికి వచ్చాక మూడు రోజులు ఆ ఊసే ఎత్తలేదు. నాకు భయం వేసింది అందుకే.

పటాన్‌చెరులో నా పూర్వ శిష్యుడొకడు షెడ్డు నడుపుతున్నాడు. ఛందస్సు చెబుతుంటే కిటికీలోంచి లారీలు లెక్కపెట్టేవాడు. బెంచీ ఎక్కించిన రోజులున్నాయి. 1980వ దశకంలో జహీరాబాదులో ఆల్విన్ నిస్సాన్ తేలిక లారీలు తయారయ్యేవి. వాటి కమాను కట్టలు బాగుచేస్తూ ఇతని తండ్రి ఆ షెడ్డు తెరిచాడట. కమాను అంటే పారసీకంలో విల్లు. ఉక్కు పట్టీలను వింటి వంపుతో ఒకదానిపై ఒకటి పేర్చిన ఆ కట్టకు అంతకంటె మంచి పేరు నేను పెట్టలేను.

అతడు కారు ముందు మూలను గట్టిగా అదిమి వదిలాడు. అది లేచి, దిగి, మళ్ళీ లేచింది. "ఒక్కసారి లేసి ఆగాలె సార్. షాకబ్సర్లు పోయినయ్," అన్నాడు.

"కుదుపును మింగేది అదే కదా?"

"కాదు సార్. మింగేది స్ప్రింగు. మింగినదాన్ని మల్ల కక్కుతది. గా కక్కుడును ఆపేది షాకబ్సర్."

గొట్టంలో చమురు ఉంటుంది. పిస్టను దానిని సన్నని రంధ్రాల గుండా నెడుతుంది. ఊపు వేడిగా మారి చల్లారిపోతుంది. కుదుపు మింగేదని పేరు, మింగేది వేరొకటి: నేతి బీరకాయే! నలభై ఏండ్లు పదాలకు అర్థాలు చెప్పినవాణ్ణి, ఈ పదం ముందు తెల్లబోయాను.

రెండవ తప్పు నాదే. మలుపులో బండి బరువు బయటి చక్రాల మీదికి మరలుతుంది. ఎంత మరలుతుందన్నది గరిమనాభి ఎత్తును, చక్రాల నడిమి వెడల్పును బట్టి ఉంటుంది. నేను ఎత్తు పెంచాను, వెడల్పు పెరగలేదు. వేగం 40 నుండి 60కి పెంచితే అదే మలుపులో ప్రక్కకు లాగే బలం రెండుంబాతిక రెట్లవుతుంది. లోపలి టైరు కోల్పోయిన పట్టును బయటి టైరు పూర్తిగా తిరిగి తేలేదు. ఒక్కొక్క టైరు నేలను తాకేది అరచేతి మేర మాత్రమే. ఆ నాలుగు అరచేతులను నేలకు అంటిపెట్టి ఉంచడమే ఈ స్ప్రింగుల ముఖ్యమైన పని, మన నడుము సుఖం ఆ తరువాతిదేనట.

రెండు ముందు చక్రాలను కలుపుతూ అడ్డంగా ఒక ఉక్కు కడ్డీ ఉంటుంది. బండి ఒరిగినప్పుడు అది మెలిపడి ఎదురు తిరుగుతుంది. దాని రబ్బరు బుష్షులు కూడా అరిగాయి. మెలికకు అంత బలమా అని సందేహించాను. "ఎద్దుమైలారం ఫ్యాక్టరీల చేసే బీఎంపీ-2 బండి, 14 టన్నులది, మెలి కడ్డీల మీదనే నిలుస్తది సార్," అన్నాడు. 1984లో వెలసిన ఆ ఆయుధ కర్మాగారం గురించి ఇన్నేళ్ళూ వింటున్నాను గాని, అక్కడి బండ్లు దేనిమీద నిలుస్తాయని ఏనాడూ అడగలేదు.

బఫర్లు తీసేశాడు. షాకబ్సర్లు జంటలుగా మార్చి, అలైన్‌మెంటు చూశాడు. డబ్బు తీసుకొన్నాడు, తీసుకోకుంటే నొచ్చుకొనేవాణ్ణి.

అడుగు ఇప్పుడు మళ్ళీ గీసుకొంటోంది. మా వీధి మొదట్లో ఆపుతాను. మా ఆవిడ, మనుమడు దిగి నడిచి వస్తారు.