మొక్కు లేని ప్రయాణం

మా శ్రీకాకుళం వైపు ఆడవాళ్ళు ఇల్లు కదలాలంటే ఏదో ఒక కారణం ఉండాలి. పెళ్ళి, చావు, పురుడు, ఆసుపత్రి. ఇవేవీ కాకపోతే మొక్కు. "అరసవిల్లి సూర్యనారాయణమూర్తికి మొక్కుకున్నాను", "శ్రీముఖలింగంలో అభిషేకం చేయించాలి" అంటే ఇంట్లో ఎవరూ అడ్డు చెప్పరు. అదే "ఒళ్ళు అలిసిపోయింది, ఓ రోజు ఎక్కడికైనా వెళ్ళొస్తాను" అని చూడండి, అందరూ మనకేసి వింతగా చూస్తారు. మా అమ్మ తరం వాళ్ళు అన్నేసి మొక్కులు మొక్కుకోవడానికి భక్తి ఒక్కటే కారణం కాదని నాకు ఎప్పటినుంచో అనుమానం.

మాది నరసన్నపేట. మా మావయ్యకి పక్షవాతం వచ్చి రెండేళ్ళు దాటింది. కుడివైపు పూర్తిగా పడిపోయింది. మాట కూడా ముద్దగా వస్తుంది. రెండు గంటలకోసారి పక్క మార్చాలి, లేకపోతే వీపు మీద పుళ్ళు పడతాయి. పొద్దున్న జావ, మధ్యాహ్నం మెత్తగా కలిపిన అన్నం, వేళకి మందులు, ఒళ్ళు తుడవడం, దుప్పట్లు ఉతకడం. పగటి పనులు నావి, రాత్రిళ్ళు మా అత్తవి. మంచం పక్కనే చాప వేసుకుని పడుకుంటుంది. ఈ రెండేళ్ళలో మేమిద్దరం ఒకేసారి కూర్చుని అన్నం తిన్న రోజు లేదు. మా మధ్య మాటలు కూడా "మందేశావా?", "దుప్పటి మార్చావా?" దగ్గరే ఆగిపోయాయి.

సంక్రాంతి తరవాత అత్తకి కళ్ళు తిరిగితే డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళాను. బీపీ బాగా ఎక్కువగా ఉంది. మందులు రాసి, "విశ్రాంతి తీసుకోవాలమ్మా" అన్నారాయన. "అలాగే బాబూ" అని వచ్చేసింది. బయటికొచ్చాక నాతో, "విశ్రాంతి అంటే ఏటో ఆ కాయితం మీద రాయలేదే" అంది. నవ్వాలో ఏడవాలో తెలీలేదు నాకు.

అదే వారంలో మా ఆడపడుచు కూతురు టోక్యో నుంచి ఫోన్ చేసింది. అది అక్కడ ఉద్యోగం చేస్తోంది. ఆదివారం స్నేహితురాళ్ళతో హకొనే అనే ఊరు వెళ్ళొచ్చిందట. షింజుకు స్టేషన్లో రైలెక్కితే గంటన్నరలో దిగిపోతారట. పెద్ద పెద్ద దేవదారు చెట్ల మధ్య నడక, చెరువు ఒడ్డున గుడి, సాయంత్రం వేడినీటి బుగ్గలో స్నానం. "ఒక్క రోజులో ప్రాణం లేచొచ్చింది అమ్మమ్మా" అంటూ వీడియోలో అన్నీ చూపించింది.

అక్కడ అడవిలో ఊరికే తిరగడానికి కూడా ఒక పేరుందట, షిన్రిన్ యోకు. అడవి స్నానం అని అర్థం. 1982లో జపాన్ అటవీ శాఖ వాళ్ళే ఆ పేరు పెట్టి జనాన్ని అడవులకి పిలిచారు. తరవాత చింగ్ లీ అనే వైద్యుడు, ఆయన తోటివాళ్ళు చెట్లు వదిలే ఫైటోన్‌సైడ్లనే వాసన పదార్థాల మీద, మన రోగనిరోధక కణాల మీద పరిశోధనలు చేశారు. వేడినీటి బుగ్గల్ని ఆన్‌సెన్ అంటారు. వాటికోసం 1948లో ఒక చట్టమే చేసుకున్నారు. భూమిలోంచి వచ్చే నీరు 25 డిగ్రీలైనా ఉండాలి, లేదా అందులో చెప్పిన ఖనిజాల్లో ఒకటైనా చాలినంత ఉండాలి, అప్పుడే ఆ పేరు. ఆ తొట్టెల్లోకి దిగేముందు ఒళ్ళు శుభ్రంగా కడుక్కోవాలి, సబ్బు నురగ ఆ నీళ్ళలో పడకూడదు. ఆడవాళ్ళకి, మగవాళ్ళకి వేరువేరు తొట్టెలు.

మనవరాలు చెప్పిందంతా విని మా అత్త ఒకే మాట అంది. "అలాటి నీళ్ళు మనకీ ఉన్నాయి కదే, తప్తపానీలో. సిన్నప్పుడు మా నాన్న తీసికెళ్ళాడు."

ఆవిడ పుట్టిల్లు పర్లాకిమిడి దగ్గర. తప్తపానీ ఒడిశాలో, బరంపురానికి ఓ యాభై కిలోమీటర్ల దూరంలో కొండల మధ్య ఉంటుంది. ఆ మాట అంటున్నప్పుడు ఆవిడ ముఖంలో కనిపించిన వెలుగు నేను పెళ్ళయి వచ్చాక చూడలేదు. ఆ రాత్రే మా ఆయనతో చెప్పాను. ఒక రోజు, పొద్దున్న నుంచి రాత్రి దాకా, అన్నదమ్ములిద్దరూ మావయ్యని చూసుకోవాలి, మేమిద్దరం వెళ్ళొస్తాం అని. "ఏం మొక్కు?" అన్నారు. "ఏ మొక్కూ లేదు" అన్నాను. కాసేపు మాట్లాడలేదు. తరవాత, "రాసిచ్చెయ్, ఏ వేళకి ఏం చెయ్యాలో" అన్నారు.

రెండు కాగితాలు నిండా రాశాను. ఏ మాత్ర తిండికి ముందో, ఏది తరవాతో. నీళ్ళు చెంచాతోనే, తల ఎత్తి పెట్టి తాగించాలి, లేకపోతే పొలమారుతుంది. పక్క మార్చినప్పుడు మోకాళ్ళ మధ్య దిండు. రాస్తూ ఉంటే తెలిసింది, రెండేళ్ళుగా ఇదంతా మా ఇద్దరి తలల్లోనే ఉండిపోయిందని.

శివరాత్రి జాతర, చక్రతీర్థ స్నానం రద్దీ అంతా తగ్గాక, మార్చి నెలలో ఒక రోజు చూసుకుని కారు మాట్లాడుకున్నాం. తెల్లవారుజామున నాలుగున్నరకి బయల్దేరి ముందు శ్రీముఖలింగం చేరుకున్నాం.

వంశధార ఒడ్డున ఆ వేళకి మంచుతెర ఇంకా విడలేదు. గుడి ప్రాకారంలో జనం లేరు. ఒకప్పుడు ఇది తూర్పు గాంగుల రాజధాని కళింగనగరం. పూరీ జగన్నాథుడి గుడి కట్టించడం మొదలుపెట్టిన చోడగంగదేవుడు ఆ వంశం వాడే. ముఖలింగమే ఆ కళింగనగరమని ఇక్కడి శాసనాలు చదివి చెప్పిన వారిలో గిడుగు రామమూర్తి పంతులుగారు ముఖ్యులు. ఆయన పుట్టిన పర్వతాలపేట కూడా ఈ దగ్గర్లోనే. సవరల భాష నేర్చుకుని వాళ్ళ కోసం పుస్తకాలు రాసింది కూడా ఆయనే.

ఇక్కడ స్వామి పేరు మధుకేశ్వరుడు. మధుకం అంటే ఇప్పచెట్టు. ఒక శబర నాయకుడికి ఇద్దరు భార్యలట. ఇప్పచెట్టు పూల దగ్గర సవతులిద్దరికీ రోజూ తగువు. విసిగిపోయి అతను చెట్టు నరికితే, ఆ మొదట్లో శివుడు ముఖంతో సహా కనిపించాడట. ఈ స్థలపురాణం చిన్నప్పటినుంచి వింటున్నదే. ఆ రోజు మా అత్త మళ్ళీ విని, "ఆడోళ్ళిద్దరూ తగువులాడితే సెట్టేం సేసింది పాపం?" అంది. పూజారిగారు కూడా నవ్వేశారు.

అర్చన ఎవరి పేరు మీద అని అడిగారాయన. మావయ్య పేరే చెబుతుందనుకుని నేను ఊరుకున్నాను. ఎప్పుడూ అంతే కదా, మగవాళ్ళ పేర్లు, పిల్లల పేర్లు, చివర్లో 'సకుటుంబానాం'. అత్త కాసేపు ఆగి తన పేరు చెప్పింది. నా వైపు తిరిగి, "ఈ అమ్మి పేరు కూడా సెప్పండి" అంది. అంతే, రెండే పేర్లు.

పాతపట్నం, పర్లాకిమిడి దాటి ఘాట్ రోడ్డెక్కాక గాలి మారింది. రాత్రి రాలిన ఇప్పపూలని సవర ఆడవాళ్ళు బుట్టల్లోకి ఏరుతున్నారు. చెట్టు కింద ముందే శుభ్రంగా ఊడ్చుకుని ఉంచుకుంటారు, పువ్వుకి మట్టి అంటకుండా. లేత పసుపు పూలు, మత్తుగా తియ్యటి వాసన. ఒకచోట కారు ఆపించి చెట్ల నీడలో చాప పరిచాను. జపాన్ వాళ్ళు నెమ్మదిగా నడవమంటారు. మా అత్త మోకాళ్ళు నడకకి ఒప్పుకోవు కాబట్టి కూర్చున్నాం.

మొదటి పావుగంటలో ఇద్దరం నాలుగైదుసార్లు ఫోన్ తీసి చూసుకున్నాం. సిగ్నల్ లేదు. మందు వేశారో లేదో, జావ పొలమారిందేమో, గుండెలో ఒకటే గుబులు. ఇంక చేసేదేమీ లేదని తెలిశాక ఆ గుబులే మెల్లగా తగ్గింది. ఎండుటాకుల చప్పుడు, ఎక్కడో గొర్రెల మెడ గంటలు. ఏదో చెబుదామని పక్కకి తిరిగితే మా అత్త నిద్రపోతోంది. చెయ్యి తలకింద పెట్టుకుని, నోరు కొంచెం తెరిచి, చిన్నపిల్లలా. డ్రైవరు అబ్బాయి వచ్చి "ఆలస్యమవుతుంది అక్కా" అంటే వెళ్ళిపొమ్మని సైగ చేశాను. గంటసేపు పడుకుంది. రెండేళ్ళలో ఎవరి మూలుగుకీ ఉలిక్కిపడి లేవకుండా ఆవిడ పడుకున్న గంట అదే.

తప్తపానీ చేరేసరికి పన్నెండు దాటింది. బుగ్గ దగ్గర అమ్మవారి గుడి, గాలిలో గంధకం వాసన. ఆ నీటినే గొట్టంతో కొలనులోకి వదులుతారు. పక్కనే ఒడిశా పర్యాటక సంస్థ వాళ్ళ పంథనివాస్ ఉంది. అక్కడ కొన్ని గదుల్లో తొట్టెలోకే బుగ్గనీరు వస్తుంది. ఆడవాళ్ళకి బయట కొలనులో ఇబ్బంది కదా, అందుకని ఒక గది తీసుకున్నాం. ఒక జాగ్రత్త చెబుతాను. బీపీ, గుండె జబ్బు ఉన్నవాళ్ళు ముందు డాక్టర్ని అడగాలి, ఎక్కువసేపు ఉండకూడదు. షుగర్ ఉన్నవాళ్ళకి పాదాల్లో స్పర్శ సరిగా ఉండకపోవచ్చు కాబట్టి వేడి ఎంతుందో చేత్తో చూసుకోవాలి. అత్తకి వెళ్ళేముందే అడిగి పెట్టుకున్నాను. చల్లనీళ్ళు కలిపి గోరువెచ్చగా చేసి పది నిమిషాలే కూర్చోబెట్టాను.

లంగా గుండెల మీదికి కట్టుకుని కూర్చుంది. నేను చెంబుతో వీపు మీద నీళ్ళు పోశాను. చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. ఆఖరికి అంది, "ఆడదానికి ఒకరు నీళ్ళు పోసీది నాలుగుసార్లే. సమర్తకి, పెళ్ళికి, పురిటికి. నాలుగోది దానికి తెలీదు."

నా చేతిలో చెంబు ఆగిపోయింది. ఆవిడే మళ్ళీ, "పొయ్యి, పొయ్యి, ఇది ఐదోది" అని నవ్వింది. నా రెండు కాన్పులకీ మా అత్తే బాలింత స్నానాలు చేయించింది. పసుపు, నలుగు, మరిగే నీళ్ళు, సాంబ్రాణి పొగ. వద్దన్నా వినేది కాదు. ఆవిడ వీపు నేను చూడడం అదే మొదటిసారి. మావయ్యని ఎత్తి ఎత్తి కుడి భుజం కిందికి జారిపోయి ఉంది.

వచ్చేటప్పుడు బరంపురం మీదుగా జాతీయ రహదారి పట్టుకుని రాత్రి ఎనిమిదిన్నరకి ఇంటికి చేరాం. మావయ్యకి మరిది నున్నగా గెడ్డం గీశాడు. వంటింట్లో గిన్నెలు గుట్టగా ఉన్నాయి. నేను రాసిచ్చిన కాగితాలు గోడకి అంటించి ఉన్నాయి, చేసిన ప్రతి పనికీ పక్కన టిక్కు. మా ఆయన నడుం పట్టుకుని కూర్చుని, "అమ్మ రాత్రంతా ఇలాగే లేస్తుందా?" అని అడిగారు. "ఆ" అన్నాను. ఇంకేమీ అనలేదు.

ఆ కాగితాలు ఇప్పటికీ గోడ మీదే ఉన్నాయి. వారంలో రెండు రాత్రులు అన్నదమ్ములు చెరొకటి పంచుకున్నారు. ఆ రెండు రాత్రులూ అత్త నా గదిలో పడుకుంటుంది. బీపీ కాస్త దిగింది. అది మందుల వల్లా, నిద్ర వల్లా అని నేను లెక్క చూడలేదు.

మీ ఇంట్లో కూడా మంచం పట్టిన మనిషి ఉండొచ్చు. చూసుకునే మనిషి రాత్రి ఎక్కడ పడుకుంటోందో, ఎన్నిసార్లు లేస్తోందో ఒక్కసారి అడగండి. తప్తపానీ దాకా వెళ్ళక్కర్లేదు. ముందు చేసే పనులన్నీ కాగితం మీద రాసి, అందరికీ కనిపించే చోట అంటించండి. ఆ పైన ఒక రోజు, ఏ మొక్కూ చెప్పకుండా బయల్దేరండి.