ఎవరి నాన్నకి?

రెన్ అండ్ మార్టిన్ గ్రామరు పుస్తకం మా ఊరు మొత్తానికి ఇంగ్లీషు మాస్టారి దగ్గరే ఉండేది. అట్ట ఊడిపోతే సిమెంటు సంచి కాగితంతో కుట్టుకున్నారు. తెరిస్తే నశ్యం వాసన. 1982 చివర, నేను టెన్తు. దీపాలు పెట్టే వేళకి ఆయన అరుగు మీద చేరేవాళ్ళం. జనవరిలో ఎన్నికలు. తెలుగుదేశం జీపు మైకు వీధిలోకి వస్తే పాఠం ఆగేది. అది మలుపు తిరిగేదాకా మాస్టారు కళ్ళు మూసుకునేవారు.

"ద ఓల్డ్ ఉమన్ ఈజ్ థిన్" అని రాసి, అర్థం చెడకుండా మాట మార్చమన్నారొకసారి. ఎవడో లేచి ‘స్కిన్నీ’ అన్నాడు. వాడి మొహం గుర్తు లేదు, గొంతులో హుషారు గుర్తుంది.

"మీ అమ్మని ఎవరైనా బక్కపీనుగ అంటే ఊరుకుంటావురా?"

‘స్లెండర్’ అన్నాం. "అది నాజూకు. ముసలమ్మకి అతకదు." చివరికి ‘థిన్’నే ఉంచేశారు. మార్చకుండా వదిలేయడమూ ఒక జవాబేనన్నది మాకు మింగుడు పడలేదు. మార్కులెలా వస్తాయని గొణుక్కున్నాం.

ఇంకోరోజు "రవి టోల్డ్ రాము దట్ హిజ్ ఫాదర్ వజ్ ఇల్". ‘ఇల్’ తీసి ‘సిక్’ పెట్టి నోటుబుక్కులు చాచాం. ఆయన వాటి వంక చూడలేదు. "జబ్బు ఎవరి నాన్నకి?" సగం మంది రవి అన్నారు, సగం మంది రాము. తెలుగులో ‘తన’ అంటే తేలిపోయేది, ‘హిజ్’ దగ్గర చిక్కుపడింది.

"రవి ఏమన్నాడు? ‘మై ఫాదర్’ అన్నాడా, ‘యువర్ ఫాదర్’ అన్నాడా? తేలకపోతే పేరే మళ్ళీ రాయండి. ఏం పోదు."

సర్వనామానికి నిర్వచనం బట్టీ పట్టించే మాస్టార్లే అందరూ. ఈయన వాక్యంలో మనుషుల్ని వెతికించారు.

తర్వాత పత్రికలో చేరి ఏజెన్సీ ఇంగ్లీషు వార్తలు తెలుగు చేస్తూ బతికాను. మంత్రికీ దొంగకీ ఒకటే ‘హి’. తెలుగులో ఒకరు ఆయన, ఇంకొకరు అతడు. మరి చనిపోయిన కూలీ? ‘ఆయన’ అనే రాసేవాణ్ణి. చీఫ్ సబ్ కొట్టేసేవారు. మర్నాడు మళ్ళీ అలాగే రాసేవాణ్ణి.

ఒక రాత్రి లారీ ప్రమాదం వార్త వచ్చింది. డ్రైవరు, క్లీనరు అన్నదమ్ములు. ఆసుపత్రికి తీసుకెళ్తుంటే ‘హి’ చనిపోయాడని ఉంది. ఎడిషను టైమైపోతోంది, "ఒకరు మృతి అని పెట్టెయ్ గురూ" అన్నారు పక్కవాళ్ళు. ఊళ్ళో ఆ అన్నదమ్ముల అమ్మ కూడా పొద్దున్నే ఆ పేపరే చూస్తుంది. ఆసుపత్రికి ఎస్టీడీ కలిపి, డ్యూటీ నర్సు చేత పేరు చెప్పించుకుని, అది రాశాకే పేజీ వదిలాను.