వెంకటగిరి అమరం బంట్లు

గూడూరులో రేణిగుంట వైపు రైలెక్కితే వెంకటగిరి వస్తుంది. పేరు వినగానే జరీ చీరలు, పోలేరమ్మ జాతర గుర్తుకొస్తాయి. ఒకప్పుడు కాళీమిలి అనిపించుకున్న ఈ ఊరు వెలుగోటివారి సంస్థానానికి రాజధాని. ఇక్కడి రాజుల గురించి, మగ్గాల గురించి చాలామంది రాశారు. ఆ రాజుల వెనక నడిచిన బంట్ల గురించి రాసింది తక్కువ. నెల్లూరు సీమలో భూమి ఎలా చేతులు మారిందో తెలియాలంటే మాత్రం వాళ్ళ సంగతే ముందు తెలియాలి.

వాళ్ళకు నెలజీతం లేదు. పిలిచిన రోజున ఆయుధంతో హాజరు కావాలన్న షరతు మీద పొలం ఇచ్చేవారు. పెద్ద బంట్లది అమరం, చిన్నవాళ్ళది కట్టుబడి మాన్యం. విజయనగర కాలంనాటి ఏర్పాటు అది. మామూలు రోజుల్లో సేద్యం చేసుకునేవారు. కబురొస్తే కత్తీ బల్లెం పట్టుకుని బయల్దేరేవారు.

యుద్ధం లేనప్పుడు పల్లెల కావలి కూడా వాళ్ళదే. రాత్రి ఎద్దుల జత పోయిందనుకోండి. తెల్లారేసరికి కావలివాడు దొడ్డి దగ్గర అడుగుజాడ పట్టాలి. జాడ పొలిమేర దాటితే పొరుగూరి కావలివాడికి అప్పజెప్పాలి. దాటినట్టు చూపలేకపోతే నష్టం తనే కట్టుకోవాలి. అందుకు ప్రతిఫలంగా కళ్ళం దగ్గర ధాన్యంలో రుసుం ముట్టేది. జాడ తీయడంలో ఆరితేరిన యానాదులను కావలికి పెట్టుకునేవారు. చరిత్రలో వాళ్ళకు ఇంకా రావలసినంత పేరు రాలేదు.

పద్దెనిమిదో శతాబ్దంలో వెంకటగిరి రాజుల్లాంటి పాలెగాళ్ళ పైన ఆర్కాటు నవాబు, ఆయన వెనక ఇంగ్లీషు కంపెనీ ఉండేవారు. 1757లో నవాబు తమ్ముడు నజీబుల్లా నెల్లూరు కోటలో తిరగబడితే కంపెనీ సేనాని ఫోర్డ్ వచ్చి ముట్టడించాడు. కోట మాత్రం ఆయన చేతికి రాలేదు. ఊరూరా ఆయుధాలున్న సీమను లొంగదీయడం తేలిక కాదని కంపెనీకి అప్పటికే తెలుసు.

1801లో ఆ నవాబుల కర్ణాటక రాజ్యం కంపెనీ పరమైంది. మరుసటి ఏడే వెంకటగిరి, కాళహస్తి, కార్వేటినగరం, సైదాపురం పాలెగాళ్ళకు శాశ్వత సన్నదులిచ్చి జమీందారులను చేశారు. సైన్యం పంపే బాధ్యత రద్దయింది. దానికి బదులు కట్టాల్సిన సొమ్మును పేష్కషులో, అంటే ఏటా కట్టే కప్పంలో కలిపారు. పోలీసు పని కంపెనీ నియమించిన దరోగాల పాలైంది. శతాబ్దాల బలగం ఒక కాగితంతో పనిలేనిదైపోయింది.

పొలం మాత్రం బంటు దున్నుతూనే ఉన్నాడు. ఊరేగింపులకు, ఖజానా కాపలాకు కొందరిని పిలిచేవారు. తగవు తర్వాత వచ్చింది. సేవ లేనప్పుడు మాన్యం ఎందుకని జమీందారు అన్నాడు. తాతల నాటి హక్కని బంటు అన్నాడు. ఈ వ్యాజ్యాలు మద్రాసు హైకోర్టు దాకా వెళ్ళి ఇరవయ్యో శతాబ్దంలోనూ నడిచాయి. నా దృష్టిలో న్యాయం బంటు వైపే ఉంది. సేవ వద్దన్నది సర్కారే గాని అతను కాదు. 1948 ఎస్టేట్ల రద్దు చట్టంతో జమీందారీయే పోయింది.

గూడూరు, వెంకటగిరి, నాయుడుపేట వైపు పాత ఇళ్ళలో అమరం, కట్టుబడి కాగితాలు ఇంకా ఉండే ఉంటాయి. మీ ఇంట్లో ఉంటే చెదలు పట్టకముందే ఫొటో తీయించి, దగ్గర్లోని గ్రంథాలయానికో కళాశాల చరిత్ర శాఖకో ఒక ప్రతి ఇవ్వండి.