పెర్త్ కబుర్లు: పెచ్చు కింద కాపురం

వినాయకుణ్ణి సాగనంపామో లేదో, పెర్త్‌లో చలి వెనకపట్టు పట్టింది. ఇక్కడి నూంగార్ ప్రజలకూ మనలాగే ఏడాదికి ఆరు రుతువులు. ఇప్పుడు నడుస్తున్నది జిల్బా. మాగ్‌పై పిట్టలు గూళ్లు కట్టుకుని, దారిన పోయేవాళ్ల నెత్తిమీదికి దూకుతున్నాయి. పిల్లలకు టోపీ పెట్టి పంపండి. ఊరు దాటితే కనోలా చేలు పసుపు ఆరబోసినట్టున్నాయి.

బడి సెలవులు రాగానే చాలా కార్లు హైడెన్ దారి పడతాయి. నాలుగు గంటల ప్రయాణం. అక్కడి వేవ్ రాక్ 15 మీటర్ల ఎత్తున, విరగబోతూ ఆగిన అలలా ఉంటుంది. 260 కోట్ల ఏళ్లు పైబడిన గ్రానైటు అది. హైదరాబాదు బండలెక్కి పెరిగినవాళ్లకు కాలు పెట్టగానే చుట్టరికం తెలుస్తుంది. చలికాలపు వానలకు దొనలు కూడా నిండి ఉన్నాయి.

ఈ దేశపు గ్రానైటు బండల మీద నా మనసు దోచింది మాత్రం ఆ రాతి అల కాదు, దొనలూ కాదు. రాయి పైపొర పలకలుగా పెచ్చులూడుతుంది కదా, ఆ పెచ్చుకీ బండకీ మధ్య వేలు దూరని సందులో సిన్‌స్ఫైరోనస్ అనే సూడోస్కార్పియన్లు కాపురముంటాయి. బియ్యపు గింజంత కూడా ఉండవు. తేలుకున్నట్టే డెక్కలు, ఎనిమిది కాళ్లు. తోక లేదు, కొండి లేదు. విషం డెక్కల కొనల్లో ఉంటుంది, అదీ చిన్న పురుగులకు చాలినంతే. మనకు ఏ హానీ లేదు. తల్లి గుడ్లను పొట్టకింద సంచిలో మోసుకు తిరుగుతుంది. పిల్ల మూడు దశలు దాటితేగానీ పెద్దది కాదు. కుబుసం విడిచే వేళ నోటి దగ్గరి నుంచి పట్టు తీసి, చిన్న గది అల్లుకుని అందులో దాక్కుంటుంది. అంత చిన్న ప్రాణికి ఎంత జాగ్రత్తో!

శాస్త్రవేత్త మార్క్ హార్వే 1987లో ఈ సిన్‌స్ఫైరోనస్ ప్రజాతిని మొత్తంగా పరిశీలించి వర్గీకరించారు. ఆ తర్వాతా గ్రానైటు బండల మీద కొత్త జాతులు దొరికాయి. చుట్టూ గోధుమచేలు, నడుమ దీవిలా ఒక బండ, దానిమీద నాలుగు పెచ్చులు. ఈ ప్రాణుల ఊరంతా అదే.

పెరటి అందానికి ఆ పలకలు ఏరుకుపోయేవాళ్లున్నారు. సరదాకి తిరగేసి వదిలేసేవాళ్లూ ఉన్నారు. ఊడిన పెచ్చు మళ్లీ అదే సందు ఉండేలా కుదురుకోదు. అక్కడే తలదాచుకునే బల్లులకూ నీడ పోతుంది. చూడాలనిపిస్తే పెచ్చు అంచున బోర్లా పడుకుని టార్చి వేసి చూడండి. పెచ్చును మాత్రం కదపకండి.