గంప కింద మాట

ప్రియమైన మీకు,

ఇంట్లో పెద్దావిడకు మోకాళ్ళ నొప్పులు తగ్గాయా? కిందటి ఉత్తరంలో రాశారు గానీ, ఇప్పుడెలా ఉన్నారో ఈసారి ఒక్క ముక్క కూడా రాయలేదు. మా కడప సంగతి మీకు కొత్తగా చెప్పేదేముంది! సాయంత్రానికి మోడం పడుతుంది, అందరం మిద్దెల మీదికెక్కి చూస్తాం, అంతలో గాలి లేచి దాన్ని ఎటో తోలుకుపోతుంది. మీ వైపు విత్తనానికి పదునయ్యే వాన పడిందని రాశారు. సంతోషం. కొంచెం కుళ్ళుకున్నాను కూడా, ఆ మాట దాచడమెందుకు.

మీరడిగిన దానికొస్తాను. మీ అమ్మాయి చదివే ఇంగ్లీషు కథలో ‘వెల్మ్’ అనే మాట తగిలిందన్నారు. ‘ఓవర్‌వెల్మ్’ అందరికీ తెలిసిందే. దాని ముందున్న ‘ఓవర్’ ఎక్కడ రాలిపోయింది, అచ్చు తప్పా, అని అడిగారు. అచ్చు తప్పేమీ కాదు. ఆ మాట అసలు రూపమే అది. ఇంగ్లీషువాళ్ళే దాన్ని వాడడం దాదాపు మానేశారు కాబట్టి మీ అమ్మాయికి వింతగా కనబడింది. మంచి కళ్ళున్న పిల్ల. నేను అడిగానని చెప్పండి.

మొదట్లో ఆ మాటకు బలంతో గానీ గెలుపుతో గానీ పనిలేదు. సుమారు ఏడువందల ఏళ్ళ కిందటి ఇంగ్లీషులో ‘వెల్మ్’ చేయడమంటే బోర్లించడం. గిన్నెను తలకిందులు చేసి దేని మీదనైనా మూతగా పెట్టడం. బోర్లించిన దాని కింద ఉన్నది కనబడదు, కదలలేదు, తప్పించుకోలేదు. అలా కప్పేయడం నుంచి ముంచేయడం వచ్చింది. సముద్రం ఓడను ‘వెల్మ్’ చేస్తుంది, వరద ఊరిని చేస్తుంది. ఆ తర్వాత దుఃఖం, భయం, శత్రువుల దండు, అప్పులు అన్నీ మనిషి మీద అదే పని చేయడం మొదలుపెట్టాయి. మిల్టన్ కవి 1637లో ఓడ మునిగి చనిపోయిన స్నేహితుడి కోసం రాసిన ‘లిసిడస్’ అనే స్మృతి గీతంలో సముద్రపు పోటుకు ఈ మాటే వాడాడు. అక్కడ ‘ఓవర్’ లేదు. ఆయనకు అవసరం రాలేదు.

ఇంతవరకు చదివి మీరు నవ్వుతుంటారని నాకు తెలుసు. ‘ఇంత చుట్టు తిప్పడమెందుకండీ, మన కోళ్ళగంప కదా ఇది’ అంటారు. అదే నేనూ చెప్పబోతున్నాను, మీరు తొందరపడ్డారు. పొద్దుగూకే వేళ పిల్లలకోడిని పిల్లలతో సహా గంప కింద పెట్టి, గంప మీద రాయి పెట్టడాన్ని మా పల్లెల్లో ఏమంటారు? కమ్మడం. ‘కోళ్ళను కమ్మినారా?’ అని అవ్వలు అడిగేవాళ్ళు. ఆ మాటనే మనం మోడానికి వాడతాం, పొగకు వాడతాం, మసకకు, నిద్రకు, చీకటికి వాడతాం. కావ్యాల్లో అది ‘క్రమ్ము’గా కనిపిస్తుంది, మన నోట్లో ఆ రకారం అరిగిపోయింది. గంప నుంచి మబ్బు దాకా, మబ్బు నుంచి మనసు దాకా పోయిన మాట మనదీ, గిన్నె దగ్గర మొదలై సముద్రం దాకా పోయిన మాట వాళ్ళదీ. చుట్టరికం ఏమీ లేదు, నడక మాత్రం ఒకటే.

ఎదుటివాణ్ణి లొంగదీయడానికి ఇంగ్లీషులో మాటలకు కొదవలేదు. ‘కాంకర్’, ‘సబ్‌డ్యూ’, ‘వాంక్విష్’, ఇంకా చాలా ఉన్నాయి. వాటన్నిటిలోనూ ఒకడు కొడుతుంటాడు, ఇంకొకడు దెబ్బ తింటుంటాడు. దెబ్బ తినేవాడికి తిరిగి కొట్టడానికి ఎదురుగా ఒక మొహమైనా ఉంటుంది. కమ్మేసే దానికి మొహం ఉండదు. పైనుంచీ పక్కల నుంచీ ఒకేసారి వస్తుంది. అందుకే ఒక దొంగను పోలీసులు పెనుగులాడి పట్టుకుంటే ‘ఓవర్‌పవర్’ చేశారనాలి. కాపలావాళ్ళు పదిమంది ఉన్నచోట వెయ్యిమంది వచ్చి పడితే ‘ఓవర్‌వెల్మ్’ చేశారనాలి. మొదటిదాంట్లో కండ ఉంది, రెండోదాంట్లో రాశి ఉంది. మీ అమ్మాయికి ఈ తేడా ఒక్కటి చెబితే చాలు, మిగతాది తనే పట్టుకుంటుంది.

‘మరి ఓవర్‌వెల్మింగ్ మెజారిటీ అంటారే, అందులో మునిగిపోయిందెవరు?’ అని అడుగుతారేమో. ఓడిపోయిన అభ్యర్థిని అడగండి, చెబుతాడు! తెలుగులో దానికి ‘అఖండ మెజారిటీ’ అంటాం. కోర్టులో ‘ఓవర్‌వెల్మింగ్ ఎవిడెన్స్’ అయితే తిరుగులేని సాక్ష్యం అంటాం. పనితో ‘ఓవర్‌వెల్మ్’ అయినవాడు తలమునకలుగా ఉన్నానంటాడు, చూశారా, అక్కడ మళ్ళీ నీళ్ళొచ్చాయి. సన్మాన సభల్లో శాలువా కప్పించుకున్న పెద్దమనిషి మైకు పట్టుకుని ‘ఐ యామ్ ఓవర్‌వెల్మ్డ్’ అంటుంటాడు. ఆ మాట పుట్టుక తెలిసినప్పటి నుంచి నాకు ఆ సభల్లో నవ్వు ఆగదు. శాలువా కింద ఆయన నిజంగానే కమ్మబడి ఉంటాడు కదా.

‘అండర్‌వెల్మ్’ అని ఇంకో మాట ఉంది. అది ఇరవయ్యో శతాబ్దంలో ఎవరో వేళాకోళానికి పుట్టించింది. ఆశపడినంత లేదు, చప్పగా ఉంది అని దాని భావం. 1999లో వచ్చిన ‘టెన్ థింగ్స్ ఐ హేట్ అబౌట్ యు’ అనే హాలీవుడ్ సినిమాలో ఒక బడిపిల్ల, ఓవర్‌వెల్మ్ అవుతాం, అండర్‌వెల్మ్ అవుతాం, మామూలుగా వెల్మ్ అవడం కుదరదా అని అడుగుతుంది. నవ్వించడానికి పెట్టిన మాటే గానీ ప్రశ్నలో న్యాయముంది. అసలు మాట పోయి, దాని ముందు ఏదో తగిలించిన రూపాలే మిగలడం భాషల్లో జరుగుతూనే ఉంటుంది.

కడపలో కూర్చుని నిఘంటువుల మాట ఎత్తి, బ్రౌను దొరను తలవకపోతే మీరు ఊరుకోరు. ఆయన 1798లో కలకత్తాలో పుట్టి, 1820లో ఉద్యోగం మీద కడపకు వచ్చాడు. తర్వాత ఇక్కడే బంగళా కొని, పండితులను పెట్టి, తాటాకు గ్రంథాలకు శుద్ధప్రతులు రాయించాడు. సొంత జీతం ఖర్చు పెట్టాడు, చాలకపోతే అప్పులు చేశాడు. ‘వెల్మ్’ అంటే ఏమిటో ఆయనకు నిఘంటువు చూడకుండానే తెలిసి ఉంటుంది. 1850ల తొలినాళ్ళలో ఆయన నిఘంటువులు అచ్చయ్యాయి. వాటిలో నాకిష్టమైన సంగతి ఏమిటంటే, కావ్యాల్లో మాటలతో పాటు సంతలో మాటలకూ వాకిట్లో మాటలకూ చోటిచ్చాడు. గంప కింద కోడిని కమ్మే ఆవిడ మాటకు కూడా విలువుందని నమ్మినవాడే అలాంటి పని చేయగలడు. ఎర్రముక్కపల్లెలో ఆయన బంగళా ఉన్న చోటే ఇప్పుడు గ్రంథాలయం ఉంది. జానమద్ది హనుమచ్ఛాస్త్రి గారు ఊరూరా తిరిగి చందాలు పోగుచేసి నిలబెట్టిన చోటు అది. ఈసారి మీరు మా ఇంటికొస్తే ముందు అక్కడికే తీసుకుపోతాను, భోజనం తర్వాత చూసుకుందాం.

ఇక కర్నూలు వరద సంగతి. ‘వెల్మ్’ అర్థం నాకు పుస్తకంలో కంటే అక్కడుండే మా చిన్నమ్మ నోటి నుంచి బాగా తెలిసింది. 2009 గుర్తుంది కదా మీకు? ఆ ఏడు నైరుతి దేశమంతటినీ ఏడిపించింది, సగటు కంటే 22 శాతం తక్కువ కురిసింది. మా సీమలో ఏడాదంతా కలిపి పడేదే ఆరేడు వందల మిల్లీమీటర్లు, అందులోనూ కోత. ఇక ఆశ లేదనుకున్నాక, సెప్టెంబరు చివర్లో ఎగువన కర్ణాటకలోనూ కర్నూలు చుట్టుపక్కలా ఆగకుండా కురిసింది. అక్టోబరు 2, గాంధీ జయంతి నాటికి తుంగభద్ర ఊరి మీదికొచ్చింది. హంద్రి అంటే మాకు గుర్తొచ్చేది ఇసుకే గదా, అది కూడా పొంగింది. సుంకేసుల ఆనకట్ట మీదుగా నీళ్ళు పారాయి. కడప దాకా కాలువ నీళ్ళు పంపే కె.సి. కెనాల్‌కు తల ఆ సుంకేసుల దగ్గరే. ఏటా ఎప్పుడు వదులుతారా అని మేం ఎదురుచూసే నీళ్ళు ఆ రోజు ఎవరినీ అడగలేదు. మంత్రాలయం మునిగింది. కర్నూలు పాతబస్తీ మునిగింది. కింద శ్రీశైలం జలాశయం పూర్తి మట్టం 885 అడుగులైతే నీరు 896 దాటింది. సుమారు 19 లక్షల క్యూసెక్కుల వరదను లెక్కవేసి కట్టిన ఆనకట్ట మీదికి 25 లక్షల క్యూసెక్కుల వరద వచ్చిందని తర్వాత లెక్కలు చెప్పాయి. ఆ డ్యాము నిలబడటం మన అదృష్టం.

మా చిన్నమ్మ వాళ్ళది పాతబస్తీలో మిద్దె ఇల్లు. చుట్టుపక్కల వాళ్ళంతా ఆ మిద్దె మీదికే ఎక్కారు. ఆమె చెప్పే తీరు మీరు వినాలి. ‘ఏరు మనింటికి రాలేదు రా, మనిల్లే ఏట్లోకి పోయినట్లుండె. యా పక్క నుంచి వస్తాందో తెలీలే. కమ్మేసింది, అంతే’ అంటుంది. ఏం తీసుకుని పైకెక్కావని అడిగితే, ‘ఏం ఎత్తుకోవల్లో తోచలే, అలివి గాలే’ అంటుంది. ఆ చివరి మాట దగ్గర నేను ఆగిపోయాను. మీ కోస్తా వైపు ‘అలవి’ అంటారనుకుంటా, ‘అలవిగాని కోపం’, ‘అలవిమాలిన ఆశ’ అంటూ. మా దగ్గర అది రోజూ వాడే మాట. బిందె పెద్దదైతే పిల్లకు ఎత్తను అలివిగాదు, వడ్డీ పెరిగితే రైతుకు కట్టను అలివిగాదు. నీళ్ళు చేసింది కమ్మడం అయితే, మనిషికి మిగిలింది అలివిగాకపోవడం. ‘ఓవర్‌వెల్మ్డ్’ అనే ఒక్క మాటలో ఇంగ్లీషువాళ్ళు ఈ రెండింటినీ కలిపేసుకున్నారు. విడివిడిగా ఉండటమే నాకు నచ్చింది. చేసిన దానికొక మాట, పడిన వాళ్ళకొక మాట.

ఇంకొకటి గమనించండి. మమ్మల్ని తరతరాలుగా ఓడిస్తున్నది కరువే గానీ వరద కాదు. 1876–78 నాటి ధాత కరువు గురించి తాతలు చెప్పుకున్న మాటలు ఇప్పటికీ మా వైపు వినబడతాయి. అయినా కరువు కమ్మిందని పల్లెలో ఎవరూ అనరు. కరువొచ్చింది, వాన ఎగ్గొట్టింది, బోరు ఎండింది అంటారు. కరువు మీద పడేది కాదు, మన దగ్గరున్న వాటిని ఒక్కొక్కటే పట్టుకుపోయేది. మొదట గడ్డివామి, తర్వాత ఎద్దులు, తర్వాత బెంగళూరు బస్సెక్కే కొడుకు. పత్రికల్లో మాత్రం ఏటా ‘కరువు మేఘాలు కమ్ముకున్నాయి’ అని శీర్షిక వస్తుంది. మేఘాలు కమ్ముకుంటే కరువెందుకుంటుంది సామీ! ఆ వాక్యం రాసిన వాళ్ళెవరో ఒకసారి మా మిద్దెక్కి ఆకాశం చూస్తే బాగుండును.

మా వైపూ నీళ్ళు కమ్మిన రోజు ఒకటుంది. 2021 నవంబరు 19 తెల్లవారుజామున చెయ్యేరు మీద అన్నమయ్య ప్రాజెక్టు మట్టికట్ట తెగింది. అప్పటికి అది కడప జిల్లాయే. పులపత్తూరు, మందపల్లి, తొగురుపేట ఊళ్ళ మీద వరద పడింది, మనుషులు పోయారు. ఆ ఊళ్ళ పేర్లు మీకు చెప్పకుండా ఈ మాట గురించి రాయడం సరికాదనిపించింది. నీళ్ళు తీశాక పొలాల మీద ఇసుక మేటలు మిగిలాయి. కింద నేల ఉంది, పట్టా ఉంది, దున్నడానికి లేదు. గిన్నె బోర్లించినట్టు కప్పేయడమనే ఆ పాత ఇంగ్లీషు అర్థం ఇంత అచ్చంగా ఇంకెక్కడా నాకు కనబడలేదు.

చూశారా, మీరు ఒక చిన్న మాట అడిగితే ఎంత దూరం తీసుకొచ్చానో. అమ్మాయికి పనికొచ్చేది చెప్పి ముగిస్తాను. పరీక్షలో ‘ఓవర్‌వెల్మ్’ అనే రాయమనండి. వట్టి ‘వెల్మ్’ రాస్తే దిద్దేవాళ్ళు మీలాగే అచ్చు తప్పనుకుని ఎర్రగీత గీస్తారు. సొంతంగా కథ రాసుకునేటప్పుడు మాత్రం వాడమనండి, అయితే నీళ్ళో పొగమంచో చీకటో ఉన్న చోట వాడితేనే అందంగా ఉంటుంది. తలనొప్పికీ హోంవర్కుకీ వద్దు. పలికేటప్పుడు చివర ‘ల్’, ‘మ్’ రెండూ ఒకదానికొకటి అతుక్కుపోవాలి, మధ్యలో అచ్చు చేర్చి ‘వెలమ్’ అనకూడదు.

మీ ఊళ్ళో కోళ్ళను గంప కింద పెట్టడాన్ని ఏమంటారో ఈసారి తప్పకుండా రాయండి. మూయడమా, కప్పడమా, కమ్మడమేనా? పెద్దావిడను అడిగితే చెబుతారు. అడిగే వంకతో మోకాళ్ళెలా ఉన్నాయో కూడా కనుక్కుని రాయండి.

ఎప్పటిలాగే
మీ
కడప నేస్తం